డిగ్రీ మార్కులు తక్కువని టెట్, డీఎస్సీ దరఖాస్తు ఆగిపోతే ఏం చేయాలి?

డిగ్రీ మార్కుల శాతం కొట్టగానే 'అర్హత లేదు' అని వస్తే చాలామంది వెంటనే వాట్సాప్ గ్రూపుల్లో అడుగుతారు. అక్కడ దొరికేది టెన్షన్ ఒక్కటే. ఈ పేచీలు కోర్టులో తేలేది తేదీల మీద, కాగితాల మీద.

1. మీకు వర్తించే రూల్ ఏదో పట్టుకోండి

ఎనిమిదో తరగతి వరకు టీచర్ల కనీస అర్హతలు నిర్ణయించేది జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి (ఎన్‌సీటీఈ). 2010 ఆగస్టు 23న నోటిఫికేషన్ ఇచ్చి, 2011 జులై 29న సవరించింది. ఆరు నుంచి ఎనిమిది తరగతులకు బీఎడ్ వాళ్లకు డిగ్రీలో 50 శాతం ఉండాలన్నది అందరికీ తెలుసు. దాని కిందే ఇంకో దారి ఉంది, దాన్ని ఎవరూ చదవరు. ఎన్‌సీటీఈ నిబంధనల ప్రకారం ఏడాది బీఎడ్ చేసినవాళ్లకు డిగ్రీలో 45 శాతం చాలు. రిజర్వుడు వర్గాలకు 5 శాతం వరకు సడలింపు. డిగ్రీతో పాటు రెండేళ్ల డీఎడ్ ఉంటే ఆ దారిలో డిగ్రీ శాతం లెక్కే లేదు. దీని పక్కన మీ రాష్ట్ర జీవో, పరీక్ష నోటిఫికేషన్ పెట్టుకుని చదవండి. ఎక్కడ తేడా కనిపిస్తే అక్కడే మీ కేసు.

2. బీఎడ్‌లో ఎప్పుడు చేరారో చూడండి

2019 నవంబర్ 13న ఎన్‌సీటీఈ మరో సవరణ తెచ్చింది. 2011 జులై 29కి ముందే బీఎడ్‌లో చేరినవాళ్లకు డిగ్రీ శాతం షరతు వర్తించదని దాని సారాంశం. ఇక్కడ చూసేది చేరిన తేదీ, పాసైన ఏడాది కాదు. అందుకే అడ్మిషన్ ఉత్తర్వు, ఫీజు రసీదు, స్టడీ సర్టిఫికెట్ వెతికి పెట్టుకోండి. కాలేజీ మూతపడి ఉంటే యూనివర్సిటీ రికార్డుల నుంచి తీసుకోవాలి, దానికి సమయం పడుతుంది.

3. గెలవని వాదనలు వదిలేయండి

పాయింట్లలో తగ్గితే పైకి సవరించమని అడగకండి. ఒడిశా జడ్జీల నియామకం కేసులో 44.93 శాతాన్ని 45గా లెక్కించడం కుదరదని 2011లోనే సుప్రీంకోర్టు చెప్పింది. బీఎడ్‌తో ఎస్జీటీ (ప్రాథమిక తరగతుల టీచర్) పోస్టు అడగడం కూడా అంతే, సుప్రీంకోర్టు 2023 ఆగస్టు 11 తీర్పుతో ఆ తలుపు మూసుకుంది. 2024 ఫిబ్రవరిలో ఏపీ డీఎస్సీలో బీఎడ్ వాళ్లను ఎస్జీటీకి అనుమతిస్తే హైకోర్టు అడ్డుకుంది. రిజర్వుడు అభ్యర్థులకు టెట్‌లో మార్కుల సడలింపు ఎందుకన్న వాదన 2016లోనే సుప్రీంకోర్టులో వీగిపోయింది.

4. వినతిపత్రం ఇచ్చి, అందినట్టు రుజువు ఉంచుకోండి

పరీక్ష నిర్వహించే కన్వీనర్‌కు, పాఠశాల విద్యాశాఖ కమిషనర్‌కు రిజిస్టర్డ్ పోస్టులో, ఈమెయిల్‌లో పంపండి. ఒక్క పేజీ చాలు: ఏ నోటిఫికేషన్, ఏ పేరా, మీ తేదీ, మీ శాతం. కష్టాలు ఏకరువు పెట్టకండి. 'అర్హత లేదు' అని చూపిన తెరను ఫొటో తీసి జత చేయండి. సమాచార హక్కు దరఖాస్తు కూడా వేయొచ్చు గానీ, దాని జవాబుకు 30 రోజుల గడువు ఉంటుంది. దరఖాస్తుల చివరి తేదీ అంతవరకు ఆగదు.

5. పరీక్షకు ముందే రిట్ వేయండి

రెండు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు పరిపాలనా ట్రిబ్యునల్ లేదు కాబట్టి, రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద నేరుగా హైకోర్టుకే వెళ్లాలి. పరీక్ష రాసి, ఫలితం నచ్చక రూల్ తప్పంటే కోర్టులు సాధారణంగా వినవు. దరఖాస్తు తీసుకుని, తుది తీర్పుకు లోబడి పరీక్ష రాయనివ్వాలని మధ్యంతర ఉత్తర్వు అడగమని లాయరుకు చెప్పండి. అలాంటి ఉత్తర్వు చాలాసార్లు పిటిషన్ వేసినవాళ్లకే పరిమితమవుతుంది. పక్కవాళ్లు వేశారు కదా అని ఊరుకోకుండా, మీలాంటి వాళ్లతో కలిసి మీ పేరూ చేర్చుకోండి.

లాయరు ఫీజు భారమైతే హైకోర్టు న్యాయసేవల కమిటీలో అడగండి. మహిళలు, ఎస్సీ, ఎస్టీలు, దివ్యాంగులు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయానికి అర్హులు.