థునార్ ఓపెన్ అవ్వట్లేదా? లైబ్రరీ ఫైళ్ళ సంగతి ఇలా చూడండి

లినక్స్‌లో ఎక్స్‌ఎఫ్‌సీఈ డెస్క్‌టాప్ వాడేవాళ్ళకి (జుబుంటు, మింట్ ఎక్స్‌ఎఫ్‌సీఈ లాంటివి) ఎప్పుడో ఒకసారి తగిలే తలనొప్పి ఇది, ఫోల్డర్ మీద డబుల్ క్లిక్ కొడతాం, ఏమీ అవ్వదు. ఫోల్డర్లు తెరిచి చూపించే ఫైల్ మేనేజర్ పేరే థునార్. కంగారుపడి ఓఎస్ మళ్ళీ వేసేయకండి, పావుగంట పని.

ముందు కంట్రోల్ ఆల్ట్ టీ కొట్టి టెర్మినల్ తెరిచి థునార్ అని టైప్ చేయండి. (కమాండ్లు తెలుగులో రాస్తున్నా, మీరు కొట్టేది ఇంగ్లిష్ చిన్న అక్షరాల్లోనే.) ఎర్రర్‌లో లిబ్‌థునార్‌ఎక్స్-3.ఎస్‌ఓ.0 లాంటి పేరు, పక్కన ఆ ఫైల్ దొరకలేదని కనిపిస్తే లైబ్రరీ మిస్సయిందన్నమాట.

లైబ్రరీ అంటే మరేం లేదు, ఊళ్ళో పెళ్ళి గుండిగల్లాంటిది, ఇంటింటికీ ఒకటి కొనుక్కోరు కదా, ఒకచోట ఉంటే అందరూ తెచ్చుకుని వాడతారు. ఈ లిబ్‌థునార్‌ఎక్స్‌నే థునారూ వాడుతుంది, దాని ప్లగిన్లూ (అదనపు పనుల కోసం తగిలించుకునే చిన్న ముక్కలు) వాడతాయి, డెస్క్‌టాప్ మీద ఐకాన్లు చూపించే ఎక్స్‌ఎఫ్‌డెస్క్‌టాప్ కూడా వాడుతుంది. అందుకే ఒక ఫైల్ పోతే రెండు మూడు చోట్ల దెబ్బ పడుతుంది.

ఇప్పుడు ఎల్‌డీడీ /యూఎస్‌ఆర్/బిన్/థునార్ కొట్టండి. థునార్‌కి కావాల్సిన లైబ్రరీలన్నీ, ఏది ఏ ఫోల్డర్ నుంచి వస్తుందో సహా, వరసగా వస్తాయి. నాట్ ఫౌండ్ అని ఉన్న లైన్ మన దొంగ. ఆ ఫైల్ ఏ ప్యాకేజీదో తెలియాలంటే డీపీకేజీ, స్పేస్, మైనస్ పెద్ద ఎస్, స్పేస్, ఫైల్ పేరు. పూర్తి పాత్ ఇవ్వకండి, పేరు చాలు. మన ఉదాహరణలో ప్యాకేజీ పేరు లిబ్‌థునార్‌ఎక్స్-3-0, సుడో ఆప్ట్ ఇన్‌స్టాల్ --రీఇన్‌స్టాల్ అని దాని పేరు ఇస్తే ఫైల్ వెనక్కి వచ్చేస్తుంది. చాలామందికి ఇక్కడితో అయిపోతుంది.

అవ్వనివాళ్ళ కోసం అసలు కథ. నేను జుబుంటు 22.04లో ఉన్నప్పుడు దాంతో వచ్చేది థునార్ 4.16, నాకేమో 4.18లో వచ్చిన స్ప్లిట్ వ్యూ కావాలి (ఎఫ్3 కొడితే విండో రెండు భాగాలవుతుంది, అలవాటైతే వదలరు), ఆగలేక సోర్స్ (ప్రోగ్రామ్ అసలు కోడ్) నుంచి నేనే కంపైల్ చేసి మేక్ ఇన్‌స్టాల్ కొట్టేశా, దానికి కావాల్సిన లిబ్‌ఎక్స్‌ఎఫ్‌సీఈ4యూఐ లాంటివి కూడా అలాగే. కొన్నాళ్ళు హాయిగా నడిచింది. తర్వాత సిస్టమ్ అప్‌గ్రేడ్ చేశాక సింబల్ లుకప్ ఎర్రర్ (కావాల్సిన ఫంక్షన్ లైబ్రరీలో దొరకలేదని) మొదలైంది, రీఇన్‌స్టాల్ ఎన్నిసార్లు చేసినా అంతే, ఒక ఆదివారం మొత్తం పోయింది. కారణం ఏంటంటే మేక్ ఇన్‌స్టాల్ మామూలుగా ఫైళ్ళని /యూఎస్‌ఆర్/లోకల్/లిబ్‌లో పెడుతుంది, ఉబుంటు, డెబియన్లలో సిస్టమ్ లైబ్రరీ ఫోల్డర్ కంటే ముందు దాన్నే వెతుకుతారు, దాంతో కొత్త థునార్ వెళ్ళి నా పాత లైబ్రరీని పట్టుకుంది, కొత్త ఫంక్షన్లు అందులో ఎక్కడుంటాయి పాపం.

కాబట్టి ఎల్‌డీడీ లిస్టులో నాట్ ఫౌండ్ ఒక్కటే కాదు, లోకల్ అనే మాట ఉందేమో కూడా చూడండి. ఉంటే, కంపైల్ చేసిన ఫోల్డర్ ఇంకా ఉన్నట్టయితే అందులోకెళ్ళి సుడో మేక్ అన్‌ఇన్‌స్టాల్. ఫోల్డర్ డిలీట్ చేసేశారా (నేను చేసేశా), అయితే లోకల్‌లో ఉన్న ఎక్స్‌ఎఫ్‌సీఈ, థునార్ లైబ్రరీలు మాత్రమే హోమ్‌లో ఓ బ్యాకప్ ఫోల్డర్‌లోకి మూవ్ చేయండి, చెరిపేయొద్దు. /యూఎస్‌ఆర్/లోకల్/బిన్‌లో పాత థునార్ కూడా కూర్చుని ఉంటుంది, అదీ తీసేయండి. తర్వాత సుడో ఎల్‌డీకాన్ఫిగ్ (లైబ్రరీల జాబితాని సిస్టమ్ మళ్ళీ రాసుకుంటుంది), ఆపైన థునార్ మైనస్ క్యూ. ఈ చివరిది మర్చిపోవద్దు, థునార్ వెనకాల నడుస్తూనే ఉండొచ్చు, అది ఆగితేగానీ కొత్త లైబ్రరీ ఎక్కదు.

ఇంకో రకం ఉంది, థునార్ ఓపెన్ అవుతుంది గానీ రైట్ క్లిక్‌లో ఎక్స్‌ట్రాక్ట్ మాయం. అవి ప్లగిన్లు, థునార్ నడిచేటప్పుడు లోడ్ అవుతాయి కాబట్టి థునార్ మీద ఎల్‌డీడీ కొడితే కనపడవు. సిస్టమ్ లైబ్రరీ ఫోల్డర్‌లో థునార్‌ఎక్స్-3 అని ఒక ఫోల్డర్ ఉంటుంది, అందులో ఉన్న ఒక్కో ఎస్‌ఓ ఫైల్ మీద విడిగా ఎల్‌డీడీ కొట్టాలి. థునార్‌ఎక్స్-2 ఫోల్డర్‌లో పాత ప్లగిన్లు దొరికితే వాటి మీద ఆశ వదిలేయండి, 2018లో థునార్ 1.8 జీటీకే3కి (విండోలు, బటన్లు గీసే లైబ్రరీ) మారినప్పుడే వాటి పని అయిపోయింది.

ఒకటి మాత్రం చేయకండి, ఏదో సైట్ నుంచి ఎస్‌ఓ ఫైల్ దించి పడేయడం, లేదా ఉన్న లైబ్రరీకే వేరే నంబర్ తగిలించి లింక్ పెట్టడం. ఆ నంబర్ ఊరికే లేదు, లోపల లెక్క మారినప్పుడే అది మారుతుంది. ఇక లిబ్‌సీ (దాదాపు అన్ని ప్రోగ్రాములూ వాడే మూల లైబ్రరీ) జోలికైతే అస్సలు వెళ్ళొద్దు, అది పోతే థునార్ సంగతి తర్వాత, ఫైళ్ళ పేర్లు చూపించే ఎల్‌ఎస్ కమాండ్ కూడా నడవదు.