విండోస్ కంప్యూటర్‌లో సేవ్ చేసి మరచిపోయిన పాస్‌వర్డ్‌లను తిరిగి చూసుకోవడం ఎలా?

పాస్‌వర్డ్ గుర్తు రానప్పుడు చాలామంది వెంటనే ‘ఫర్గాట్ పాస్‌వర్డ్’ నొక్కుతారు. ఖాతాకు ఇచ్చిన ఫోన్ నంబరు ఇప్పటికీ వాడుకలో ఉంటే అది తేలికైన మార్గమే. కానీ ఆ సిమ్ ఎప్పుడో రద్దయిపోయి, ఓటీపీ మాత్రం ఆ పాత నంబరుకే వెళ్తుంటే, ఒకప్పుడు బ్రౌజర్ అడిగినప్పుడు ‘సేవ్’ నొక్కినందువల్ల కంప్యూటర్‌లో మిగిలి ఉన్న పాస్‌వర్డే మీకు ఆధారం. వెబ్‌సైటు వారిని అడిగి ప్రయోజనం ఉండదు. భద్రతా నియమాలు పాటించే సైట్లు పాస్‌వర్డ్‌ను ఉన్నదున్నట్లుగా దాచుకోవు. తిరిగి అసలు రూపంలోకి మార్చలేని సంకేతంగా మార్చి ఉంచుకుంటాయి కాబట్టి, పాత పాస్‌వర్డ్ ఏమిటో వారికీ తెలియదు.

వెతకడం మొదలుపెట్టే ముందు ఒక జాగ్రత్త తీసుకోవాలి, ఎందుకంటే ఇక్కడ జరిగే నష్టాన్ని సరిదిద్దడం కష్టం. క్రోమ్, ఎడ్జ్ వంటి బ్రౌజర్లు పాస్‌వర్డ్‌లను రహస్య సంకేతాలుగా మార్చి దాస్తాయి. ఆ సంకేతాలను విప్పే తాళంచెవి మీ విండోస్ లాగిన్‌తో ముడిపడి ఉంటుంది. పాత లాగిన్ పాస్‌వర్డ్ ఇచ్చి మీరే కొత్తది పెట్టుకుంటే ఇబ్బంది లేదు. అలా కాక, లాగిన్ మరచిపోయామని కంప్యూటర్ షాపుకు తీసుకువెళ్తే, వారు అడ్మినిస్ట్రేటర్ హోదాలో పాత పాస్‌వర్డ్ అవసరం లేకుండానే దాన్ని మార్చేస్తే, ఆ తాళంచెవి పనికిరాకుండా పోయి, సేవ్ చేసినవన్నీ కంప్యూటర్‌లోనే ఉన్నా తెరుచుకోకపోవచ్చు. ఇప్పటికే అలా జరిగి ఉండి, పాత లాగిన్ పాస్‌వర్డ్ మీకు తర్వాత గుర్తొస్తే, మళ్లీ దాన్నే పెట్టి చూడండి. మొదటి పని మరమ్మతు కాదు, వెతకడం. అప్పటిదాకా ఫార్మాట్ చేయించవద్దు, బ్రౌజర్ హిస్టరీ తుడిచేటప్పుడు పాస్‌వర్డ్‌ల గడిలో టిక్కు పెట్టవద్దు.

క్రోమ్‌లో కుడివైపు పైభాగాన ఉన్న మూడు చుక్కలను నొక్కి, ‘పాస్‌వర్డ్స్ అండ్ ఆటోఫిల్’లోని ‘గూగుల్ పాస్‌వర్డ్ మేనేజర్’ను తెరవండి. అక్కడి వెతుకు పెట్టెలో సైటు పేరు రాయండి. సైటును ఎంచుకోగానే విండోస్ పిన్ గానీ లాగిన్ పాస్‌వర్డ్ గానీ అడుగుతుంది. అది ఇచ్చాక కన్ను గుర్తు నొక్కితే చుక్కల స్థానంలో అసలు అక్షరాలు కనిపిస్తాయి. ఒకే సైటుకు రెండు మూడు నమోదులు కనిపిస్తే యూజర్ నేమ్‌ను కూడా చూడాలి. మనం పాస్‌వర్డ్ మరచిపోయామని అనుకుంటాం గానీ, ఈమెయిల్‌తో తెరిచిన ఖాతాలోకి ఫోన్ నంబరుతో వెళ్లడానికి ప్రయత్నిస్తూ ఉండటం కూడా మామూలే.

జాబితాలో లేదని నిరాశపడకుండా, మూడు చుక్కల సమీపంలోని గుండ్రటి బొమ్మను నొక్కి చూడండి. ఇంటిల్లిపాదీ వాడే కంప్యూటర్‌లో పిల్లలకు ఒక ప్రొఫైల్, పెద్దలకు ఒక ప్రొఫైల్ ఉండవచ్చు. ఒకదానిలో సేవ్ చేసినది మరొకదానిలో కనిపించదు. ఎవరి ప్రొఫైల్‌ను వారితోనే తెరిపించడం మర్యాద. పైగా ఇతరుల పాస్‌వర్డ్‌ను మోసపూరితంగా వాడటం సమాచార సాంకేతిక చట్టం 2000లోని 66సి సెక్షన్ కింద మూడేళ్ల వరకు జైలు శిక్ష పడగల నేరం. మీ ఆండ్రాయిడ్ ఫోన్‌లో అదే గూగుల్ ఖాతా ఉంటే, ఫోన్‌లోని పాస్‌వర్డ్ మేనేజర్‌లోనూ వెతకండి.

ఎడ్జ్‌లో సెట్టింగ్స్ తెరిచి, అందులోని వెతుకు పెట్టెలో పాస్‌వర్డ్స్ అని రాస్తే చాలు. ఫైర్‌ఫాక్స్‌లో మూడు గీతల మెనూలో ‘పాస్‌వర్డ్స్’ నేరుగానే ఉంటుంది. అయితే ఫైర్‌ఫాక్స్‌లో ‘ప్రైమరీ పాస్‌వర్డ్’ (సేవ్ చేసినవన్నిటికీ కలిపి తాళంగా ఉండే ఒకే పాస్‌వర్డ్) పెట్టుకుని అది కూడా మరచిపోతే దాన్ని రీసెట్ చేయక తప్పదు. రీసెట్ చేస్తే సేవ్ చేసినవన్నీ చెరిగిపోతాయి. కాబట్టి తొందరపడకుండా, గుర్తున్నంత వరకు పాత పాస్‌వర్డ్‌లన్నీ ప్రయత్నించి చూడండి.

వై-ఫై పాస్‌వర్డ్ విషయం వేరు, అది బ్రౌజర్‌లో ఉండదు. కొత్త విండోస్ 11లో సెట్టింగ్స్‌లోకి వెళ్లి, ‘నెట్‌వర్క్ అండ్ ఇంటర్నెట్’, ‘వై-ఫై’, ‘మేనేజ్ నోన్ నెట్‌వర్క్స్’ వరుసగా తెరిచి, మీ నెట్‌వర్క్ పేరు నొక్కితే సెక్యూరిటీ కీని, అంటే వై-ఫై పాస్‌వర్డ్‌ను, చూపించే బటన్ ఉంటుంది. విండోస్ 10 అయితే ఆ వై-ఫైకి కలిసి ఉన్నప్పుడే, ‘నెట్‌వర్క్ అండ్ షేరింగ్ సెంటర్’లో కనెక్షన్ పేరు నొక్కి, ‘వైర్‌లెస్ ప్రాపర్టీస్’లోని ‘సెక్యూరిటీ’ భాగంలో ‘షో క్యారెక్టర్స్’కు టిక్కు పెట్టాలి.

విండోస్ తానే లాగిన్ వివరాలు దాచుకునే చోటు, కంట్రోల్ ప్యానెల్‌లోని ‘క్రెడెన్షియల్ మేనేజర్’ను కూడా ఒకసారి చూడవచ్చు. దానిలోని ‘వెబ్ క్రెడెన్షియల్స్’ పాస్‌వర్డ్‌ను చూపిస్తాయి. ‘విండోస్ క్రెడెన్షియల్స్’ మాత్రం సాధారణంగా పేర్లు చూపించి ఊరుకుంటాయి.

ఇవేవీ ఫలించనప్పుడు, పాస్‌వర్డ్‌లు వెలికితీస్తామంటూ ఉచితంగా దొరికే ప్రోగ్రాములను దించుకోవాలనే ఆలోచన వస్తుంది. దయచేసి ఆ పని చేయవద్దు. బ్రౌజర్‌లో దాచిన పాస్‌వర్డ్‌లను దొంగిలించి బయటికి పంపే హానికర ప్రోగ్రాములు ఇలాంటి ముసుగులోనే వస్తుంటాయి. యాంటీవైరస్‌ను ఆపివేసి ఇన్‌స్టాల్ చేయమని ఏ సూచన చెప్పినా దాన్ని అక్కడితో వదిలేయడమే మంచిది.

కంప్యూటర్‌ను ఫార్మాట్ చేయించక తప్పని పరిస్థితి ఉంటే, క్రోమ్ ఫోల్డర్‌ను పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకున్నంత మాత్రాన పాస్‌వర్డ్‌లు దక్కవు. తాళంచెవి పాత విండోస్‌తోనే పోతుంది. పాస్‌వర్డ్ మేనేజర్ సెట్టింగ్స్‌లోని ‘ఎక్స్‌పోర్ట్ పాస్‌వర్డ్స్’ ద్వారా వాటిని ఫైలుగా దించుకోవాలి. ఆ ఫైలులో అన్నీ ఎవరైనా చదవగలిగేలా ఉంటాయి కాబట్టి, కొత్త విండోస్‌లోని బ్రౌజర్‌లోకి చేర్చుకోగానే పెన్‌డ్రైవ్ నుంచి తొలగించాలి. కంప్యూటర్‌లో కాపీ ఉంటే దాన్నీ తీసేసి రీసైకిల్ బిన్ ఖాళీ చేయాలి.

పాస్‌వర్డ్‌లు దొరికాక ముందుగా ఈమెయిల్ ఖాతా తెరవండి. మిగిలిన సైట్ల రీసెట్ లింకులు చాలావరకు అక్కడికే వస్తాయి. లోపలికి వెళ్లగానే పాత ఫోన్ నంబరు తీసేసి, ఇప్పుడు వాడుతున్న నంబరు నమోదు చేయండి. ఆ తర్వాత మిగిలిన ఖాతాల్లోనూ ఒక్కొక్కటిగా అదే మార్పు చేసుకుంటూ వెళ్లండి.