మూడు రాజ్యాల కథలో చరిత్ర ఎంత? ఇలా చూడండి

చైనా పాత చారిత్రక నవల ‘రొమాన్స్ ఆఫ్ ద త్రీ కింగ్‌డమ్స్’ చదువుతుంటే ఏదైనా ఘట్టం మరీ రక్తికడితే, అక్కడ ఆగి ఆ పని నిజంగా ఎవరు చేశారో 3వ శతాబ్దంలో చెన్ షౌ రాసిన చరిత్రలో వెతకండి. నవలలో చాలాచోట్ల సంఘటన ఉంటుంది, చేసిన మనిషి మారిపోతాడు. హువా షియోంగ్ అనే సేనానిని నవలలో వీరుడు గ్వాన్ యూ చంపుతాడు. చరిత్రలో ఆ విజయం సున్ జియాన్ అనే మరో సేనాని సేనది.

గడ్డి కట్టిన పడవలతో వ్యూహకర్త జూగె ల్యాంగ్ శత్రువు నుంచి లక్ష బాణాలు రాబట్టడం కల్పనే. కానీ 213లో దక్షిణాది పాలకుడు సున్ చ్వాన్ పడవ ఒక వైపు గుచ్చుకున్న శత్రువుల బాణాల బరువుకి ఒరిగితే, రెండో వైపు తిప్పి సరిచేశాడనే కథనం ఉంది. అది చెన్ షౌ చరిత్రపై పెయ్ సోంగ్‌జి రాసి 429లో ముగించిన వ్యాఖ్యల్లో దొరుకుతుంది. ఆ వ్యాఖ్యలు అస్సలు వదలొద్దు. ఏ కథనం ఏ పాత గ్రంథంలోదో ఆయన చెబుతాడు, నమ్మకం కుదరకపోతే ఆ మాటా రాస్తాడు.

యోధుడు లూ బూకి తన యజమాని, నియంత దోంగ్ జువో దాసితో రహస్య సంబంధం ఉన్నమాట చరిత్రే, నవలలో ఆ స్త్రీకి ఉన్న ద్యావ్‌చాన్ పేరు మాత్రం తర్వాతి కల్పన.

అన్నిటికన్నా నాకు బాధ కలిగించేది సున్ చ్వాన్ సేనాపతి జో యూ విషయం. నవల ఆయన్ని అసూయతో కుమిలి చనిపోయిన మనిషిని చేసింది. చెన్ షౌ మాత్రం ఉదార స్వభావుడని రాశాడు.