నాదసీమలో ఆట నడపాలంటే

ఒకరు కథ నడుపుతుంటే మిగతావాళ్లు తమ పాత్రలు ఏం చేస్తాయో చెబుతూ ఆడే ఆటల్లో, శబ్దంతో కాలం మారిపోయే లోకం అనగానే కథ నడిపేవాళ్లు వర్ణనలోకి దిగిపోతారు. గాలిలో తేలే గంటలు, పాడే కొండలు, ఇంకా ఏవేవో. పావుగంట తిరక్కుండా ఆడేవాళ్లంతా ఫోన్లు తీస్తారు. నా మాట విని వర్ణన రెండు వాక్యాల్లో ముగించి, అందరి చేతా పాటకి వేసినట్టు తాళం వేయించండి.

నేను కల్పించుకున్న ఈ లోకానికి నాదసీమ అని పేరు పెట్టుకున్నాను. చిన్నప్పుడు అమ్మ పోరు పడలేక వయొలిన్ నేర్చుకున్నాను. వయొలిన్ అటకెక్కింది, తాళం మాత్రం చేతిలో ఉండిపోయింది. మీకు సంగీతం రాకపోయినా ఫరవాలేదు, ఎనిమిది దాకా లెక్కపెట్టడం వస్తే చాలు. నలుగురు మనుషులు, వైకుంఠపాళి డబ్బాలోని పాచిక, ఫోన్లో మెట్రోనోమ్ యాప్ (ఒకే వేగంలో టిక్‌టిక్‌మనేది) ఉంటే ఆట మొదలుపెట్టొచ్చు. యాప్‌ని నిమిషానికి 60 దగ్గర పెట్టండి.

ముందు కర్ణాటక సంగీతంలోని ఆది తాళం. ఒక దెబ్బ, చిటికెనవేలు, ఉంగరపువేలు, నడిమివేలు. మళ్లీ దెబ్బ, విసురు (చప్పుడు లేకుండా చెయ్యి వెల్లకిలా తిప్పడం). ఇంకో దెబ్బ, విసురు. మొత్తం ఎనిమిది అక్షరాలు, అంటే ఎనిమిది లెక్కలు. వీటిలో చప్పుడయ్యేవి మూడే: ఒకటి, ఐదు, ఏడు. మిగతా ఐదూ మౌనంగా నడుస్తాయి. ఆటంతా ఈ తేడా మీదే ఆధారపడుతుంది. నాదసీమలో కత్తి తగలాలన్నా, తలుపు తెరుచుకోవాలన్నా, ప్రాణం పోవాలన్నా దెబ్బ పడాల్సిందే. మౌనాక్షరాల్లో లోకం కదలదు. మనసులో లెక్క తప్పని మనిషి మాత్రం కదలగలడు. అందుకే అక్కడి దొంగలు రెండు, మూడు, నాలుగు అక్షరాల్లో పని కానిచ్చేస్తారు. లెక్క తప్పినవాడు తర్వాతి ఆవర్తనం, అంటే తాళం మరో చుట్టు మొదలయ్యే దాకా బొమ్మలా నిలబడిపోవాలి.

దీన్ని ఆడించేది ఎలాగంటే, అక్షరానికి ఒక్క మాటే చెప్పనివ్వండి. మా బావకి ఏదైనా వివరంగా చెప్పందే తోచదు. ఖజానా గదిలో "నేను మెల్లగా వంగి, ఆ కాపలావాడి నడుముకున్న..." అనేసరికి ఐదో దెబ్బ పడింది, కాపలావాడు కళ్లు తెరిచాడు. ఇప్పుడు "వంగా. లాగా. దాచా." అంటున్నాడు. అక్కయ్యే ఆశ్చర్యపోతోంది. పాచిక ఎదురుదెబ్బలకి దాచుకోండి, ఇలాంటి చోట అక్కర్లేదు.

తర్వాత వేగం. సరళీ స్వరాలు (సంగీతంలో తొలి పాఠాలు) నేర్చినవాళ్లకి తెలుసు, మొదటి కాలంలో, అంటే మొదటి వేగంలో, అక్షరానికి ఒక స్వరం, రెండో కాలంలో రెండు, మూడో కాలంలో నాలుగు. నాదసీమలో మూడో కాలం పలికేవాడు ఒక అక్షరంలో నాలుగు పనులు చేసుకుంటాడు. దానికి తగ్గట్టే నాలుగింతలు ఆకలేస్తుంది, నాలుగింతలు వయసు మీద పడుతుంది. షరతేమిటంటే, ఆడేవాళ్లు నిజంగానే "తకధిమి" ఆ వేగంలో అనాలి, చెయ్యి మాత్రం పాత వేగంలోనే తాళం వెయ్యాలి. నోటితోపాటు చెయ్యి కూడా పరుగెత్తితే మంత్రం చెడినట్టే. దాదాపు అందరి చెయ్యీ పరుగెత్తుతుంది.

కాలాన్ని ఆపే మంత్రాలకి గోపుచ్ఛ యతి వాడండి, అంటే పోనుపోనూ పొట్టిదయ్యే పదబంధం. ఎవరి మంత్రం వాళ్లే రాసుకోవాలి. మా చెల్లెలు వాగు దాటడానికి ఇలా రాసింది: "కదలకు నదినీరా, నదినీరా, నీరా, రా." ఆగమన్న నీటిని చివర్లో తనే పిలిచినట్టయింది. నేను వాగుని వదిలేశాను. అందరూ తడిశారు. (మూడో ముక్క దగ్గర తాటిచెట్లు గుర్తొచ్చి బావ నవ్వడం వేరే సంగతి.) వాగుని మళ్లీ పొంగించాలంటే స్రోతోవహ యతి, ఇదే తిరగేసి పొట్టి నుంచి పొడుగుకి.

ఊళ్లకి వేర్వేరు తాళాలివ్వండి. పల్లంలో ఆది, కొండ మీద ఏడక్షరాల మిశ్ర చాపు. ఒకే వేగంలో ఒకేసారి మొదలుపెడితే, రెండు తాళాల మొదటి దెబ్బలూ మళ్లీ కలిసేది 56 అక్షరాల తర్వాతే. పల్లంలో ఏడు ఆవర్తనాలు, కొండ మీద ఎనిమిది. కనుమ దారి ఆ ఒక్క దెబ్బకే తెరుచుకుంటుంది. ఇద్దరిచేత ఒక తాళం, ఇద్దరిచేత ఇంకోటి వేయించండి. టెన్షన్ దానంతటదే వస్తుంది.

ఇక దూరం. గాలిలో శబ్దం సెకనుకి సుమారు 343 మీటర్లు పోతుంది, అంటే కిలోమీటరుకి దాదాపు మూడు సెకన్లు. గోల్కొండలో ఫతే దర్వాజా దగ్గర చప్పట్లు కొడితే కిలోమీటరు దూరంలో పైనున్న బాలాహిస్సార్ దగ్గర వినిపిస్తుందని గైడ్లు చూపిస్తారు కదా. మీ కోటని కూడా అలాగే గీసుకోండి. యాప్ 60లో ఉంది కాబట్టి పైనున్నవాడు కిందివాడికన్నా మూడు అక్షరాలు వెనక బతుకుతున్నాడు. కింద చేతులు కలవడం వాడి కళ్లకి కనిపించింది, దెబ్బ ఇంకా చెవిన పడలేదు. ఆ మూడు అక్షరాల్లో ఏం చేస్తాడో అడగండి, మెట్రోనోమ్ ఆపకుండా.