కోర్టు ఆదేశాన్ని అధికారులు గడువులోగా అమలు చేయకపోతే

నా పింఛను బకాయిలు ఎనిమిది వారాల్లో చెల్లించాలని హైకోర్టు ఆదేశించింది. ఆ గడువు తీర్పు తేదీ నుంచి కాదు, ఆదేశం నకలు ఆ కార్యాలయానికి అందిన రోజు నుంచి మొదలవుతుందని అందులోనే ఉంది. అందుకే సర్టిఫైడ్ కాపీ (కోర్టు ధ్రువీకరించి ఇచ్చే నకలు) చేతికి రాగానే వినతిపత్రం జతచేసి, స్వయంగా ఆ కార్యాలయంలో కాగితాలు తీసుకునే ఇన్‌వార్డు సెక్షన్‌లో ఇవ్వండి. మీరు ఉంచుకునే ప్రతి మీద తేదీ ముద్ర, గుమస్తా సంతకం తప్పక తీసుకోండి. నా కాగితం మీద ముద్ర సగమే పడింది, తేదీ అలుక్కుపోయింది. మళ్లీ వేయమని అరగంట నిలబడ్డాను. కాగితమే అందలేదని తర్వాత వాళ్లు వాదించినప్పుడు ఆ ముద్రే నన్ను కాపాడింది. అదే రోజు స్పీడ్ పోస్టులోనూ పంపండి.

గడువు దాటితే లాయరు నోటీసు, ఆపైన ధిక్కార పిటిషన్, అంటే ఆదేశాన్ని పాటించలేదని కోర్టుకు చేసే ఫిర్యాదు. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం 20వ సెక్షన్ ప్రకారం, ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాదిలోపే వేయాలి. రేపు మాపు అనే మాటలు నమ్మి ఆ ఏడాది పోగొట్టుకోకండి. పిటిషన్‌లో శాఖ పేరుతో సరిపెట్టకుండా, ఆ కుర్చీలో ఉన్న అధికారి పేరు రాయించండి.

ఆదేశంలో "చెల్లించండి" అని ఉంటే మీకు బలం. "పరిశీలించండి" అని మాత్రమే ఉంటే, తిరస్కరిస్తూ ఉత్తర్వు ఇచ్చినా అమలు చేసినట్టే. దాని మీద మళ్లీ రిట్ (అధికారుల చర్య మీద హైకోర్టులో వేసే పిటిషన్) వేయాలి.

ధిక్కారానికి శిక్ష గరిష్ఠంగా 6 నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా. నోటీసు అందాక చాలామంది డబ్బు చెల్లించి, క్షమాపణ అఫిడవిట్ వేస్తారు, కేసు ముగుస్తుంది. ఆలస్యానికి వడ్డీ కావాలంటే మొదటి రిట్‌లోనే అడగండి. ఆ మాట నాకు అప్పుడు ఎవరూ చెప్పలేదు.