దావా వెనక్కి తీసుకుంటున్నారా? మళ్లీ వేసే హక్కు పోకుండా చూసుకోండి

దావాలో తప్పు దొరకగానే చాలామంది లాయరు చేత ఒక మెమో (కోర్టుకు ఇచ్చే చిన్న రాతపూర్వక విన్నపం) వేయించి వెనక్కి తీసేసుకుంటారు. కోర్టు కూడా 'డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్' (ఉపసంహరించుకున్నందున కొట్టివేత) అని ఆ రోజే మూసేస్తుంది. అదే విషయం మీద కొత్త దావా వేశాక ప్రతివాది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 23 రూల్ 1(4) చూపిస్తాడు: అనుమతి లేకుండా ఉపసంహరించుకున్నవాడు మళ్లీ రాకూడదు, పైగా ఖర్చులు కూడా కట్టాల్సి రావచ్చు.

కాబట్టి ఉత్త మెమో వద్దు. రూల్ 1(3) కింద అఫిడవిట్‌తో ఐ.ఏ. (నడుస్తున్న దావాలో వేసే మధ్యంతర దరఖాస్తు) వేయండి. దావా ఉపసంహరణకు అనుమతి, అదే విషయంపై కొత్త దావా వేసుకునే స్వేచ్ఛ, ఈ రెండూ ఒకే ప్రార్థనగా అడగండి. స్వేచ్ఛ ఇవ్వకపోతే ఉన్న దావానే నడుపుకుంటామని కూడా అందులో రాయించండి.

అసలు బలం అఫిడవిట్‌లోనే ఉంటుంది. దావా ఫలానా లాంఛనపు లోపం (కేసు బలాబలాలతో సంబంధం లేని, పద్ధతిలో జరిగిన తప్పు) వల్ల వీగిపోతుందని గానీ, కొత్త దావాకు అనుమతించేందుకు తగిన కారణం ఉందని గానీ జడ్జికి నమ్మకం కలగాలి. 'సాంకేతిక కారణాల వల్ల' అని రాస్తే చాలదు. షెడ్యూల్‌లో సర్వే నంబరు 112/ఎ బదులు 112/బి పడింది, ప్రభుత్వం మీద దావాకు ముందు ఇవ్వాల్సిన సెక్షన్ 80 నోటీసు ఇవ్వలేదు, ఇలా లోపాన్ని పేరుపెట్టి చెప్పి, దానివల్ల దావా ఎందుకు నిలవదో రాయాలి. సాక్షి క్రాస్‌లో (ఎదుటి లాయరు అడిగే ప్రశ్నల్లో) దెబ్బతిన్నాడనో, కాగితాలు దొరకలేదనో అడిగితే అది లాంఛనపు లోపం కాదు. అప్పీలు దాకా వెళ్లాక అడిగితే ఇంకా కష్టం, అప్పటికి గెలిచినవాడికి డిక్రీ (తీర్పును అనుసరించి కోర్టు ఇచ్చే ఉత్తర్వు) మీద హక్కు ఏర్పడి ఉంటుంది.

ఐ.ఏ. వేసే ముందు రెండు విషయాలు తేల్చుకోండి. ఒకటి, సవరణతో పని జరుగుతుందా? సర్వే నంబరు తప్పులాంటివి ఆర్డర్ 6 రూల్ 17 కింద సరిచేసుకోవచ్చు. విచారణ మొదలుకాకపోతే ఇదే మేలు, కొత్తగా కోర్టు ఫీజు కట్టే బాధ తప్పుతుంది.

రెండోది కాలపరిమితి. ఎక్కువమంది మునిగేది ఇక్కడే. కోర్టు ఇచ్చే స్వేచ్ఛ గడువును పెంచదు. ఆర్డర్ 23 రూల్ 2 ప్రకారం, గడువు విషయంలో మొదటి దావా అసలు వేయనట్టే లెక్క. 2022 జూన్ 10 నాటి ప్రోనోటు మీద 2025 మేలో దావా వేసి, 2026లో స్వేచ్ఛతో వెనక్కి తీసుకున్నారనుకోండి. మధ్యలో చెల్లింపు గానీ, బాకీ ఒప్పుకుంటూ సంతకం గానీ లేకపోతే మూడేళ్ల గడువు 2025 జూన్‌లోనే ముగిసింది. కోర్టుకు పరిధి లేకపోవడం వంటి లోపంతో అనుమతి వచ్చి, మొదటి దావాను చిత్తశుద్ధితో, శ్రద్ధగా నడిపి ఉంటేనే లిమిటేషన్ చట్టం సెక్షన్ 14(3) కింద ఆ కాలం మినహాయిస్తారు.

ఇంజంక్షన్ (ఎదుటివాళ్లు ఏదైనా చేయకుండా ఆపే కోర్టు ఉత్తర్వు) ఉంటే దావాతోపాటే పోతుంది. కొత్త దావా, కొత్త ఐ.ఏ. సిద్ధం చేసుకున్నాకే ఉపసంహరించుకోండి. వాదులు ఒకరికన్నా ఎక్కువ ఉంటే మిగతావాళ్ల సమ్మతి లేకుండా ఒక్కరే దావా వదులుకోలేరు, అందరి సంతకాలు తీసుకోండి.

ఆర్డర్ రాగానే సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టి, స్వేచ్ఛ ఇచ్చినట్టు అందులో ఉందో లేదో చదవండి. జడ్జి నోటితో అన్నది లెక్కలోకి రాదు. ఖర్చులు కట్టమని షరతు ఉంటే కొత్త దావాకు ముందే కట్టి రసీదు జతచేయండి. హైకోర్టు రిట్‌లోనూ ఇదే జాగ్రత్త: స్వేచ్ఛ లేకుండా వెనక్కి తీసుకుంటే అదే విషయంపై మళ్లీ రిట్ కుదరదని సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. డిక్రీ అమలు కోసం వేసే ఈ.పీ.లకు మాత్రం ఆర్డర్ 23 వర్తించదని రూల్ 4 చెబుతోంది.