ప్రెయిరీ నది దారిని పటంపై గుర్తించడం ఎలా?

కొండల్లో పుట్టిన నదిని పటంలో పట్టుకోవడం తేలిక. కెనడా, అమెరికాల్లో పరచుకున్న ప్రెయిరీ గడ్డిమైదానాల్లో వాలు కంటికి ఆనదు. అక్కడ నీటికన్నా ముందు లోయను వెతకాలి. సుమారు 700 కిలోమీటర్లు ప్రవహించే సూరిస్ నదితో మొదలుపెట్టండి.

ముందుగా ఉపగ్రహ చిత్రాన్ని, సమోన్నత రేఖలు (ఒకే ఎత్తున్న చోట్లను కలిపే గీతలు) ఉన్న పటాన్ని పక్కపక్కన తెరవండి. కెనడాలోని సస్కాచెవాన్‌లో, వేబర్న్ పట్టణానికి ఉత్తరాన యెల్లో గ్రాస్ చిత్తడి నేలలు ఉన్నాయి. నది పుట్టేది అక్కడే. ఫలానా ఊట అని వేలు పెట్టి చూపలేం. చుట్టుపక్కల లెక్కలేనన్ని గుంటలు కనిపిస్తాయి. హిమయుగపు మంచు కరిగిపోతూ వదిలినవి అవి. మామూలు సంవత్సరాల్లో చాలా గుంటల నీరు నదిని చేరదు, అక్కడికక్కడే ఇంకిపోతుంది లేదా ఆవిరైపోతుంది. పరీవాహక ప్రాంతం గీసేటప్పుడు వాటిని వేరే రంగుతో చూపండి.

ఇక ఊళ్లను కలుపుకుంటూ గీత గీయండి. వేబర్న్, ఎస్టెవాన్ దాటి నది ఆగ్నేయంగా అమెరికాలోని నార్త్ డకోటాలోకి వస్తుంది. మైనాట్, వెల్వా మీదుగా సాగి, టౌనర్ దగ్గర ఉత్తరానికి మళ్లి, మళ్లీ కెనడాలోకి, మానిటోబాకు చేరుతుంది. ఎస్టెవాన్ దగ్గర రాఫర్టీ ఆనకట్టను, మైనాట్‌కు ఎగువన డార్లింగ్ సరస్సును తప్పక గుర్తించండి.

మానిటోబాలో మెలీటా, హార్ట్‌నీ, సూరిస్ పట్టణాల తర్వాత పటాన్ని బాగా పెద్దది చేసి చూడండి. ఆగ్నేయంగా పోతున్న నది ఉన్నట్టుండి మోచేయిలా వంగి ఈశాన్యానికి తిరుగుతుంది. దానికి ఎదురుగా, నది లేని వెడల్పాటి లోయ ఒకటి పెలికాన్ సరస్సు వైపు సాగిపోతుంది. ఒకప్పుడు సూరిస్ ఆ దారిలోనే పెంబినా లోయకు వెళ్లేది. తర్వాత అసినిబోయిన్ అనే మరో నది వైపు నుంచి కోసుకుంటూ వచ్చిన పాయ దాని నీటిని తనవైపు లాక్కుంది. భూగోళ శాస్త్రంలో దీన్ని నదీ గ్రహణం అంటారు. పాఠ్యపుస్తకంలో బొమ్మగా చూసే సంగతి ఇక్కడ నేలమీదే ఉంది; నాకు ఈ నదిలో అన్నిటికన్నా ఇష్టమైన చోటు ఇదే. రెండు లోయల వెడల్పునూ కొలిచి రాసుకోండి. ఇప్పటి సన్నని ప్రవాహం అంత పెద్ద లోయను తవ్వలేదని, కరిగిన హిమానీనదాల వరదే తవ్విందని అర్థమవుతుంది.

వావనేసా దాటాక, ట్రీస్‌బ్యాంక్ దగ్గర సూరిస్ అసినిబోయిన్‌లో కలుస్తుంది. ఆ నీరు విన్నిపెగ్ వద్ద రెడ్ నదిలో కలిసి, చివరికి హడ్సన్ అఖాతం చేరుతుంది.

చివరగా ఏప్రిల్, ఆగస్టు నెలల ఉపగ్రహ చిత్రాలను పోల్చండి. మంచు కరిగే వసంతంలోనే ఈ నదికి నీరెక్కువ, వేసవి చివరికి బాగా సన్నబడుతుంది. అయినా అన్ని ఏళ్లూ ఒకటి కావు. 2011లో నేల తడిసి, జలాశయాలు నిండి ఉన్న సమయంలో జూన్‌లో భారీ వానలు కురిశాయి. మైనాట్‌లో 4,000కు పైగా ఇళ్లు, భవనాలు మునిగాయి. అందుకే మీ పటంలో నది గీతతోపాటు లోయ అంచులనూ గీయండి. వరద పరుచుకునే చోటు ఆ రెండు అంచుల నడుమే ఉంటుంది.